నెమలి మెడలో బోరింగు పిడి

ఏప్రిల్ రెండో మంగళవారం తెల్లవారుజామున ఐదు గంటలకు తుమ్మలదిన్నె రైలుగేటు పేటలో బోరింగుకు పిడి లేదు.

రాత్రిపూట ఎలాగూ ఉండదు. పేటలో తీపి నీళ్లు పడే బోరింగు అదొక్కటే. మిగతా వాటిలో ఉప్పునీళ్లు. వాటితో పప్పు ఉడకదు. బజారు వీధి వాళ్లు అర్ధరాత్రి వచ్చి నీళ్లు కొట్టుకుని పోతున్నారని, పేటవాళ్లు పొద్దుగూకగానే చీల లాగి, పిడి ఊడదీసి, వంతులవారీగా ఒక్కో రాత్రి ఒక్కో ఇంట్లో దాస్తారు. తెల్లవారాక ఆ ఇంటివాళ్లే తెచ్చి తగిలిస్తారు. ఈ ఏర్పాటు ఎవరు మొదలుపెట్టారో పేటలో ఎవరికీ గుర్తులేదు. అంతవరకు వంతు తప్పిన ఇల్లు లేదు.

సోమవారం రాత్రి వంతు నాగరత్తమ్మది. ఆమె బోరింగు దగ్గరకు ఒట్టి చేతులతో వచ్చింది. చీల మాత్రం కొంగు ముడిలో ఉంది.

"పిడేదే?" అని అడిగింది మాలకొండమ్మ. పేటలో వయసులో పెద్దది ఆమే. వరుసలో మొదటి బిందె ఎప్పుడూ ఆమెదే.

"తలుపెనకాల గోనెపట్టాలో చుట్టిపెట్టా పిన్నీ. ఇప్పుడు జూస్తే లేదు."

"లేదంటే? నడిచిపోయిందా? దానికేమన్నా కాళ్లుండయ్యా?"

బిందెలు వరుసలో వదిలి అందరూ నాగరత్తమ్మ ఇంటికి నడిచారు. ఆమె భర్త ఏడుకొండలు అరుగు మీద కూర్చుని వేపపుల్లతో పళ్లు తోముకుంటున్నాడు. అతనికి గేటు పక్కన సైకిళ్ల రిపేరు బంకు ఉంది.

"ఏమయ్యా, తలుపెనకాల గోనెపట్టా యాడ?"

ఏడుకొండలు పుల్ల నోట్లోంచి తీశాడు. "అదా? నిన్న సందేళ మైకు బండోళ్లు వస్తే ఇచ్చేశా."

"చూడకుండానే?"

"అన్నం తింటుండానే. చెయ్యి ఎంగిలి. ఇనుముందా అన్నారు. తలుపెనకాల ఏదో ఉండాది, తీసకపోండన్నా."

"బోరింగు పిడిని పాతినుప్మోళ్లకిచ్చినోణ్ణి నిన్నే జూశాన్రా అబ్బాయ్," అంది మాలకొండమ్మ.

ఏడుకొండలు తలుపు వైపు చూపించాడు. తలుపు మీద ఆకుపచ్చ కాగితం అంటించి ఉంది. దాని మీద ఇలా ఉంది: ఈ గృహము కళకు సహకరించినది.

*

ఆ కాగితం వెనుక సంగతి ఇది.

పట్టణాల పరిశుభ్రత పోటీలో తుమ్మలదిన్నె నగర పంచాయతీ గత ఏడాది రావివలస కంటే వెనకబడింది. చెత్త ఎత్తడంలో రెండూ సమానమే. రావివలస మాత్రం పాత ఇనుముతో జింకను చేసి సెంటర్లో నిలబెట్టింది. ఈ ఏడు తుమ్మలదిన్నె కమిషనర్ భానుమూర్తి 'వ్యర్థానికి అర్థం' అనే పథకం ప్రకటించారు. గడియారం సెంటర్లో పాత ఇనుముతో నెమలి నిలబడాలి. ఇంటింటికీ తిరిగే మైకు బండికి ప్రతి ఇల్లూ ఇనుము ఇవ్వాలి.

ఉత్తర్వులో వ్యర్థమంటే ఏమిటో నిర్వచించారు: "గృహములందు గానీ ప్రజాస్థలములందు గానీ ఏ పనీ చేయక పడియున్న ఇనుము యావత్తూ వ్యర్థముగా పరిగణించబడును."

ఇనుము ఇచ్చిన ఇంటికి ఆకుపచ్చ కాగితం, ఇవ్వని ఇంటికి ఎర్ర కాగితం. ఎర్ర కాగితం ఉన్న ఇంటి ముందు చెత్తబండి ఆగదు. ఇంట్లో ఇనుము లేనివారు, ఇనుము లేదని వార్డు కార్యాలయం నుంచి ధ్రువీకరణ తేవాలి. ధ్రువీకరణకు ఇల్లు తనిఖీ చేయాలి. తనిఖీకి వచ్చినవారికి తలుపు గొళ్లెం కనిపించేది.

దాంతో జనం పాత ఇనుము కొట్టుకు వెళ్లి పాత ఇనుము కొని తెచ్చి బండికి ఇచ్చారు. కొట్లో పాత ఇనుము అయిపోయాక కొందరు కొత్త గరిటెలు కొని ఇచ్చారు.

నెమలిని చేసే పని బైపాసు పక్కన గేట్లు, కిటికీ చువ్వలు చేసే మస్తాన్‌వలీకి వచ్చింది. కమిషనర్ అతణ్ణి పిలిపించి శిల్పి అన్నారు.

"నేను గేట్లు చేస్తా సార్," అన్నాడు మస్తాన్‌వలీ.

"గేటు మీద నెమలి వేయలేదా?"

"ఏశా సార్. రెండు. ఎదురుబొదురుగా."

"వాటిలో ఒకటి చాలు," అన్నారు కమిషనర్.

*

మంగళవారం పొద్దెక్కేసరికి ఆడవాళ్లు గడియారం సెంటర్‌కు చేరుకున్నారు. నెమలి అప్పటికే నిలబడి ఉంది. రెక్కలు బజారు వీధి దుకాణాల పాత షట్టర్లు. తోక సైకిల్ రిమ్ములు, వాటి చుట్టూ గరిటెలు. మెడ బోరింగు పిడి. పిడి చివర ఇస్త్రీపెట్టె మూతతో తల, కొడవలి ముక్కతో ముక్కు అతికించారు. మెడ బరువుకు పక్షి ముందుకు తూలుతుంటే రొమ్ము కింద సరుగుడు కర్ర పోటు పెట్టారు.

"ఈ కొంగ మెడ మాది," అంది నాగరత్తమ్మ.

మస్తాన్‌వలీ కళ్లకు పెట్టుకున్న నల్లద్దాలు పైకి జరిపాడు. "నాకేం తెల్సక్కా. రాత్రి బండిలో వచ్చింది. పొడుగ్గా ఉంది, మెడకు సరిపోద్దని అతికించా."

"కోశావా?"

"కొయ్యలా. రెండు చోట్ల టాకాలేశా, అంతే."

"అయితే పీకి ఇచ్చెయ్."

"ఫొటో ఎక్కించేశారక్కా. ఇంక నా చేతిలో లేదు. సారునడగండి."

నగర పంచాయతీ కార్యాలయంలో కమిషనర్ వాళ్లను కూర్చోబెట్టి మాట్లాడారు. బల్ల మీద నెమలి ఫొటో ఉంది.

"అమ్మా, మీరు పిడి అంటున్న వస్తువు ప్రస్తుతం పిడి కాదు. నిన్న రాత్రి వరకు వ్యర్థం. ఈ ఉదయం నుంచి మెడ. ఫొటో తీసి, అది ఉన్న స్థలంతో సహా పై కార్యాలయానికి పంపించాం. ఇక దానిని కదిలించినచో కళాఖండమునకు భంగం."

"అంతకుముందు పిడే గదా సారూ?"

"అంతకుముందు స్థితి రికార్డులో లేదు."

"పోనీ మాకు కొత్త పిడన్నా ఇప్పించండి."

"తప్పకుండా. దానికి నిబంధన ఉంది. పాత పిడి అప్పగించినచో కొత్త పిడి మంజూరు చేయబడును."

"పాతది మీ దగ్గరే ఉండాదిగా?"

"మా దగ్గర ఉన్నది మెడ, అమ్మా."

మాలకొండమ్మ లేచి నిలబడింది. "సారూ, నాకు చదువు రాదు. ఆ కొంగ నీళ్లు దాగుద్దా?"

"నెమలి," అని సరిదిద్దారు కమిషనర్.

"ఏదో ఒకటి. అది దాగుద్దా? మేం దాగుతాం."

కమిషనర్ ఈ మాట విన్న తర్వాత కొంతసేపు ఆలోచించారు. పిడి లేని బోరింగు ఏ పనీ చేయదనే విషయం అప్పుడే ఆయన దృష్టికి వచ్చింది. ఏ పనీ చేయక ప్రజాస్థలంలో పడి ఉన్న ఇనుము ఏమవుతుందో ఉత్తర్వులో ఉంది. పక్షి ముందుకు తూలకుండా కింద బరువు కావాలని మస్తాన్‌వలీ ఆ పొద్దునే చెప్పి ఉన్నాడు. కమిషనర్ రెండింటినీ కలిపి ఒక నోట్ రాయించారు. నెలాఖరులో రైలుగేటు పేట బోరింగును కూడా పెకలించి తెచ్చి నెమలికి కాళ్లుగా అమర్చాలన్నది దాని సారాంశం. పోటీకి మార్కులు వేసే మూల్యాంకనాధికారి వచ్చేదీ నెలాఖరులోనే.

"పిడి కోసం వచ్చి బోరింగే పోగొట్టుకుంటిమి గదే అమ్మా," అంది మాలకొండమ్మ మెట్లు దిగుతూ.

*

బుధవారం సాయంత్రం నెమలిని ఆవిష్కరించారు. ఒక్కో అవయవం కింద దాత పేరుతో రేకు పలక బిగించారు. మెడ కింది పలక మీద 'మెడ: శ్రీ ఏడుకొండలు, రైలుగేటు పేట' అని ఉంది. అతనికి శాలువా కప్పారు. ఫొటో తీశారు. తన బంకు మీద కాకుండా ఇంకోచోట తన పేరు చూసుకోవడం ఏడుకొండలుకు అదే మొదటిసారి. బంకు మీదిది సుద్దముక్కతో రాసింది.

శాలువా భుజం మీద వేసుకునే ఇంటికి వచ్చాడు. "మన పేట ఊరి నడిమధ్యన తలెత్తుకొని ఉండాది రత్తమ్మా. అదొక్కసారి జూడు."

"చూశా. రేపు పొద్దున కళాయిలో ఆ తల ఉడకేస్తా. నీళ్లు దెచ్చిపెట్టు."

మగవాళ్లలో చాలామంది మొదట పిడి వెనక్కి తేవాలనే అన్నారు. గురువారంతో ఆ మాట మారింది. ఆ రోజు బజారు వీధి వర్తక సంఘం అధ్యక్షుడు మల్లికార్జునరావు నగర పంచాయతీకి ఫిర్యాదు చేశారు. తమ వీధి షట్టర్లు రెక్కలై కింద ఉండగా, రైలుగేటు పేట పిడి మెడై వాటికంటే ఎత్తున ఉండటం వర్తకుల మనోభావాలను గాయపరిచిందని, మెడ తీసివేయాలని అందులో కోరారు.

ఆ సాయంత్రం బంకు దగ్గర పేట మగవాళ్లు సమావేశమయ్యారు.

"ఇప్పుడు మనం పిడి అడిగితే వాళ్లు గెలిచినట్టే," అన్నాడు ఏడుకొండలు. "మల్లికార్జునరావు తియ్యమంటాడు, మనం సరేనంటామా? ప్రాణం బోయినా మెడ దిగగూడదు."

మెడ దిగకూడదని మగవాళ్లు తీర్మానించారు. తీర్మానం విన్న ఆడవాళ్లు వేరే తీర్మానం చేశారు. వాళ్లకు బంకు లేదు కనుక బోరింగు గట్టు మీదే కూర్చున్నారు. రెండు ఫర్లాంగుల అవతల రైల్వే క్వార్టర్ల కుళాయి నుంచి ఆడవాళ్లు మోసుకొచ్చే తీపి నీళ్లు, మెడ దిగాలన్న వాళ్లకే. మెడ దిగకూడదన్న వాళ్లకు పేటలోని ఉప్పునీళ్లు.

శుక్రవారం పొద్దున నాగరత్తమ్మ ఉప్పునీళ్లతో టీ పెట్టింది. పాలు విరిగాయి. గ్లాసు తెచ్చి ఏడుకొండలు ముందు పెట్టింది.

"ఏందే ఇది?"

"మెడ తరపు టీ."

ఏడుకొండలు తాగాడు. శాలువా కప్పుకుని తాగాడని చూసినవాళ్లు చెప్పారు.

*

గొడవ పెరిగి రెండు వీధుల వాళ్లు సెంటర్లో తోసుకోవడంతో కమిషనర్ అవయవ సమన్వయ సంఘాన్ని నియమించారు. దాతల తరపున ఏడుకొండలు, వర్తకుల తరపున మల్లికార్జునరావు, శిల్పి హోదాలో మస్తాన్‌వలీ సభ్యులు. ఆడవాళ్లు తమనూ చేర్చుకోమన్నారు. నీళ్లు సంఘం పరిధిలోని అంశం కాదని జవాబొచ్చింది. నాగరత్తమ్మను మాత్రం దాత కుటుంబ సభ్యురాలిగా వెనక బెంచీ మీద కూర్చోనిచ్చారు.

"ఊళ్లో పన్నులు కట్టేదెవరు?" అంటూ మల్లికార్జునరావు మొదలుపెట్టారు. "మా షట్టర్లు కిందా, వాళ్ల బోరింగు పైనా? రెక్కలు పైకి పెట్టమనండి."

"రెక్కలు నెత్తిమీద పెడితే అది పక్షి గాదండీ, గొడుగు," అన్నాడు ఏడుకొండలు.

"ఇప్పుడు మాత్రం పక్షా? కర్ర పోటు పెట్టుకొని నిలబడ్డ కొంగ!"

"సభ్యులు దయచేసి అధికారిక పక్షినే ప్రస్తావించాలి," అన్నారు కమిషనర్.

"సరే, నెమలి. మెడ వంచమనండి. రెక్కల కంటే కిందికి వంచితే మాకేం అభ్యంతరం లేదు."

"మా మెడ వంచేదేంది?" ఏడుకొండలు లేచాడు. "మీ తాత దిగొచ్చినా వంగదు."

"మా తాత సంగతి ఎత్తబాకు. నీ బంకు అద్దె ఎవరికి కడుతున్నావో గుర్తుంచుకో."

"అద్దె కట్టా గదా, మెడ గూడా కట్టాలా?"

కమిషనర్ చెయ్యి పైకెత్తి ఇద్దరినీ కూర్చోబెట్టారు. ఆయన దగ్గర పరిష్కారం సిద్ధంగా ఉంది. దాన్ని చదివి వినిపించారు.

"ఉభయ పక్షముల మనోభావములను సమానముగా గౌరవిస్తూ, మెడను శాశ్వతముగా ఎత్తుటకు గానీ శాశ్వతముగా దించుటకు గానీ వీలులేదు. కావున మెడను చలనశీలము గావించి, ఉదయము పూట రైలుగేటు పేట గౌరవార్థము ఎత్తి, సాయంత్రము బజారు వీధి గౌరవార్థము దించవలెను."

సభ్యులు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. దించడం ఉంది కనుక మల్లికార్జునరావు ఒప్పుకున్నారు. ఎత్తడం ఉంది కనుక ఏడుకొండలు ఒప్పుకున్నాడు.

"అట్టయితే టాకాలు తీసి చీల పెట్టాలి సార్," అన్నాడు మస్తాన్‌వలీ. "అప్పుడే పైకీ కిందికీ ఆడుద్ది."

"పెట్టండి."

వెనక బెంచీ మీదనుంచి నాగరత్తమ్మ అడిగింది. "ఏ చీల మస్తానూ?"

"ఏదో ఒకటి జూస్తాలే అక్కా. ఆ కన్నానికి సరిపోయేది."

"ఆ కన్నానికి సరిపోయేది నా దగ్గరుండాది." ఆమె కొంగు ముడి విప్పి బోరింగు చీల బల్ల మీద పెట్టింది.

మెడను దానం చేసిన కుటుంబమే చీలను కూడా ఉచితంగా సమర్పించినందుకు సంఘం హర్షం వెలిబుచ్చింది. తర్వాత, రోజూ మెడ ఎత్తేదీ దించేదీ ఎవరన్న ప్రశ్న వచ్చింది. అందుకు మనిషిని నియమించే పోస్టు మంజూరు కాలేదు. బజారు వీధి వాళ్లు ఎత్తుతారని రైలుగేటు పేటకు నమ్మకం లేదు. రైలుగేటు పేట మగవాళ్లు దించుతారని బజారు వీధికి నమ్మకం లేదు.

"నేను చేస్తాలే సారూ," అంది నాగరత్తమ్మ. "మా ఇంటి మెడేగా."

మల్లికార్జునరావు కూడా ఆమెకే ఓటు వేశారు. ఆమె మెడ దింపాలని మొదటినుంచీ అంటున్న మనిషని ఆయనకు తెలుసు.

ఇంటికి నడుస్తూ ఏడుకొండలు రైలు గేటు దగ్గర ఆగాడు.

"చీల లాగితే పిడి ఊడొచ్చుద్ది గదే?"

"ఊడొచ్చుద్ది."

"మరి మెడ?"

"పొద్దున బెడతాగా. నీ పలక యాడికీ పోదులే, పద."

*

ఆ మరునాటి నుంచి రైలుగేటు పేటలో పాత వంతు మళ్లీ మొదలైంది. సాయంత్రం నాగరత్తమ్మ గడియారం సెంటర్‌కు వెళ్లి, బజారు వీధి వాళ్లు చూస్తుండగా మెడ దించేది. వాళ్లు చూసి దుకాణాలు కట్టేసుకుని వెళ్లాక చీల లాగి, మెడను గోనెపట్టాలో చుట్టి, ఇద్దరు ముగ్గురు ఆడవాళ్ల సాయంతో పేటకు తెచ్చేది. ఆ రాత్రి అది వంతు ఇంట్లో ఉండేది. తెల్లవారగానే బోరింగుకు తగిలించి, అందరి బిందెలూ నిండాక, దుకాణాలు తెరిచే లోపు తీసుకుపోయి పక్షికి పెట్టి ఎత్తేది.

తల, ముక్కు మాత్రం పిడికి అతుక్కునే ఉన్నాయి. మాలకొండమ్మ వాటి గురించి ఫిర్యాదు చేయలేదు. "ముక్కు చేతికి బాగానే దొరుకుతుండాది," అంది. "మునుపు జారేది."

మెడ లేనప్పుడు పక్షికి సరుగుడు కర్ర అవసరం రాలేదు.

మగవాళ్లకు కూడా టీ విరగడం ఆగింది. మెడ దిగకూడదన్న తీర్మానాన్ని వాళ్లు రద్దు చేసుకోలేదు. దాని ప్రస్తావన తేవడం మాత్రం మానేశారు.

మిగిలింది బోరింగు. దాన్ని పెకలించాలన్న నోట్ అమల్లోనే ఉంది. నాగరత్తమ్మ కమిషనర్ దగ్గరకు రెండుసార్లు వెళ్లింది. బోరింగు పని చేస్తున్నదని చెబితే, పిడి లేకుండా ఎలా పని చేస్తున్నదని ఆయన అడుగుతారు. ఆ ప్రశ్నకు జవాబు చెబితే మెడ పోతుంది. చెప్పకపోతే బోరింగు పోతుంది. రెండుసార్లూ ఆమె నమస్కారం పెట్టి తిరిగి వచ్చింది.

నెలాఖరున, తెల్లవారి వెలుగు వస్తుండగా, రైలుగేటు పేట బోరింగు దగ్గర లారీ ఆగింది. దాంట్లోంచి గొలుసులు, గునపాలతో నలుగురు దిగారు. బిందెల వరుస కదల్లేదు.

"పక్కకు తప్పుకోండమ్మా. దీన్ని పీకమని ఆర్డరు," అన్నాడు డ్రైవరు.

"పీకుదువుగానిలే. ఈ బిందె నిండనీ," అంది మాలకొండమ్మ. బిందె నిండాక ఇంకో బిందె పెట్టింది.

ఆ సమయంలోనే మూల్యాంకనాధికారి గడియారం సెంటర్లో ఉన్నారు. వీధులు ఊడ్చేది నిజమో కాదో చూడాలని, ఎవరికీ చెప్పకుండా తెల్లవారుజామునే ఊళ్లోకి వచ్చారు. కబురు అంది కమిషనర్ తువ్వాలు భుజాన వేసుకునే పరుగున వచ్చారు.

అధికారి చేతిలో నెమలి ఫొటో ఉంది. ఎదురుగా రెక్కలు, తోక, దాతల పలకలు ఉన్నాయి.

"మెడ ఏదండీ?"

కమిషనర్ పక్షి వైపు చూశారు. పలక వైపు చూశారు. ఊడుస్తున్న మనిషి చీపురు ఆపి, రైలుగేటు వైపు చెయ్యి చూపించింది.

"మెడ ప్రస్తుతం క్షేత్ర పర్యటనలో ఉంది సార్," అన్నారు కమిషనర్.

ఇద్దరూ జీపులో రైలుగేటు పేటకు వెళ్లారు. అక్కడ నెమలి తల పైకి లేచి కిందికి దిగుతోంది. మాలకొండమ్మ దాని ముక్కు పట్టుకుని ఉంది. దిగినప్పుడల్లా బిందెలో నీళ్లు పడుతున్నాయి. ఏడుకొండలు లారీ ముందు చక్రం దగ్గర కూర్చుని ఉన్నాడు. చక్రంలో గాలి లేదు. తానే తీశానని అతను ఎవరితోనూ అనలేదు.

అధికారి ఫొటో తీశారు. "ఇది ఏ విభాగం కిందికి వస్తుంది?"

"జనభాగస్వామ్య చలన కళ సార్," అన్నారు కమిషనర్. "ఇందులో ప్రజలే..."

అధికారి లారీ డ్రైవరు చేతిలోని ఆర్డరు తీసుకుని చదివారు. "ఈ బోరింగు వ్యర్థమని మీరే రాశారు. ఇనుము పని చేస్తోందా, లేదా?"

కమిషనర్ నోరు తెరిచేలోగా నాగరత్తమ్మ ఒక ఖాళీ బిందె తెచ్చి అధికారి చేతికిచ్చింది. "కింద బెట్టండి సారూ. పిన్నీ, కొట్టు."

మాలకొండమ్మ కొట్టింది. అధికారి ప్యాంటు మోకాళ్ల దాకా తడిసింది. బిందె నిండింది. ఆయన దోసిలితో కొంచెం తాగి చూశారు.

"తియ్యగా ఉన్నాయే."

"అందుకే గదా సారూ రాత్రి దాస్తాం," అంది మాలకొండమ్మ.

అధికారి 'పని చేస్తోంది' అని రాసుకున్నారు. కమిషనర్ లారీని వెనక్కి పంపమన్నారు. చక్రానికి గాలి ఏడుకొండలే పట్టాడు.

*

జూన్‌లో ఫలితాలు వచ్చాయి. కళ విభాగంలో తుమ్మలదిన్నె రావివలసను దాటింది. జిల్లా కేంద్రంలో కమిషనర్‌కు శాలువా కప్పారు. గడియారం సెంటర్లో ఏడుకొండలు పలక కింద ఇంకో పలక వెలిసింది. 'మెడ సందర్శన వేళలు: ఉదయం ఎనిమిది నుంచి సాయంత్రం ఆరు వరకు' అని దాని మీద ఉంది. మెడకు పని ఉన్నప్పుడు రెక్కలకు మాత్రం ఎందుకు ఉండకూడదని మల్లికార్జునరావు మళ్లీ ఫిర్యాదు చేశారు. రెక్కలు ఏ పని చేయాలో అవయవ సమన్వయ సంఘం పరిశీలిస్తోంది.

కొత్త పిడి కోసం నాగరత్తమ్మ పెట్టుకున్న అర్జీకి జవాబు వచ్చింది. బోరింగు పని చేస్తున్నందున కొత్త పిడి అవసరం లేదని అందులో ఉంది.

జూలై మొదటి వారంలో పథకం రెండో విడత మొదలైంది. ఈసారి ఏనుగు. మైకు బండి రైలుగేటు పేటకు సందేళ వచ్చింది. ఆ రాత్రి పిడి వంతు నాగరత్తమ్మది. గోనెపట్టా తలుపు వెనక ఉంది. కొడవలి ముక్కు బయటికి పొడుచుకొచ్చి ఉంది. ఏడుకొండలు అన్నం తింటున్నాడు.

"ఇనుముందా?" అని అడిగారు బండివాళ్లు.

ఏడుకొండలు ఎంగిలి చేత్తోనే లేచి వెళ్లి తలుపుకు వీపు ఆనించి నిలబడ్డాడు.

"మా ఇంట్లో ఇనుము లేదు," అన్నాడు.

వాళ్లు ఆకుపచ్చ కాగితం మీద ఎర్ర కాగితం అంటించి పక్క ఇంటికి వెళ్లారు.

మరునాడు తెల్లవారుజామున ఐదు గంటలకు బోరింగుకు పిడి ఉంది.